కావ్యం మొదట్లో దేవుడెందుకు?

తెలుగు కావ్యం మొదట్లో వచ్చే ఇష్టదేవతా స్తుతిని ఆనవాయితీ అనుకుని దాటేస్తాం. నిజానికి, కవి తన కాలపు తగాదాలో ఎటు నిలిచాడో తరచు అక్కడే తేలుతుంది. 11వ శతాబ్దిలో నన్నయ త్రిమూర్తులనూ వారి దేవేరులనూ ఒకే సంస్కృత శ్లోకంలో తలచి భారతం మొదలుపెట్టాడు. 13వ శతాబ్దికి శైవ వైష్ణవాల పోరు ముదిరింది. నెల్లూరి తిక్కన తన నిర్వచనోత్తర రామాయణాన్ని రాజు మనుమసిద్ధికి అంకితమిచ్చినవాడే. భారతాన్ని మాత్రం హరిహరనాథుడికిచ్చాడు. ఇది భక్తే కదా, ఇందులో పక్షమెక్కడ అనొచ్చు. ఉత్త భక్తికి హరి ఒక్కడో హరుడు ఒక్కడో చాలు. ఇద్దర్నీ ఒకే మూర్తిగా నిలిపి, భారతంలో తాను రాసిన 15 పర్వాల పొడవునా ఆశ్వాసం మొదలైనప్పుడల్లా పిలవడం వాదం కాక మరేమిటి? పైగా అది ఏలికను పొగడాల్సిన చోటు. నన్నయ అక్కడ సంబోధించింది రాజరాజనరేంద్రుణ్ణే.