డగ్లస్ చెరువు దురద

మిషిగన్ రాష్ట్రంలో పదకొండు వేలకు పైగా చెరువులున్నాయి. వేసవి సెలవులు ఇవ్వగానే డెట్రాయిట్ చుట్టుపక్కల మన తెలుగు కుటుంబాలు నాలుగైదు జట్టుకట్టి, పులిహోర డబ్బాలూ ఆవకాయ సీసాలూ కార్లలో పెట్టుకుని ఉత్తరానికి బయల్దేరతాయి. చెరువు గట్టున ఇల్లు అద్దెకు తీసుకుంటాం. నీళ్ళలో దిగిన పిల్లలు పిలిస్తే రారు. వాళ్ళలో కొందరికి రాత్రికల్లా మోకాళ్ళ కింద, పిక్కల మీద, దోమ కుట్టినట్టు ఎర్రటి పొక్కులు లేస్తాయి. గోకినకొద్దీ పెరుగుతాయి, ఒక్కోసారి వారం దాకా వదలవు. దీన్నిక్కడ స్విమ్మర్స్ ఇచ్ అంటారు. ఒకరి నుంచి ఒకరికి అంటదు, ప్రాణం మీదకి రాదు. ఈ దురద సంగతేమిటో తెలుసుకుందామని మొదలుపెడితే, నేనుంటున్న రాష్ట్రం చరిత్ర సగం దాంతోపాటే బయటికొచ్చింది. తెనాలి, బాపట్ల, రేపల్లె వైపు నీళ్ళలో పనిచేసే వాళ్ళకి ఇందులో చుట్టరికం కూడా ఉంది కాబట్టి రాస్తున్నాను.

ముందు పురుగు సంగతి. మెర్గాన్సర్ అని చేపలు తినే బాతు ఒకటుంది. దాని పేగుల చుట్టూ ఉండే రక్తనాళాల్లో ఈ పురుగులు కాపురముంటాయి. గుడ్లు రెట్టతో నీళ్ళలో పడతాయి, పిల్లలై నత్తల్లో దూరతాయి. ఒక్క నత్తలో వేలకు వేలు పెరిగి, పొద్దెక్కుతుంటే మళ్ళీ నీళ్ళలోకి వస్తాయి. కంటికి ఆననంత చిన్నవి, తోక చివర రెండుగా చీలి ఉంటుంది. బతికేది ఒక్కరోజు, ఆ రోజులోపల బాతు కాలు దొరకాలి. మన కాలు తగిలితే అదే బాతనుకుని తొలుచుకుపోయి, పొరపాటు ఊరికి వచ్చామని తెలిసేలోపు చర్మంలోనే చస్తాయి. ఆ చచ్చినవాటి మీద మన ఒళ్ళు చేసే యుద్ధమే ఆ పొక్కులు. మొదటిసారి చాలామందికి పెద్దగా తెలియదు. ఒళ్ళు ఒకసారి గుర్తుపట్టాక, తర్వాత దిగినప్పుడల్లా మరింత మండుతుంది.

ఈ గుట్టు విప్పినవాడు విలియం వాల్టర్ కోర్ట్. జాన్స్ హాప్కిన్స్ విశ్వవిద్యాలయంలో పురుగుల శాస్త్రజ్ఞుడు, చైనాలోనూ కరీబియన్ దీవుల్లోనూ కొంకిపురుగు మీద పనిచేసి వచ్చినవాడు. వేసవుల్లో మిషిగన్ ఉత్తర కొసన డగ్లస్ లేక్ ఒడ్డున ఉన్న మిషిగన్ విశ్వవిద్యాలయం వారి పరిశోధనా కేంద్రానికి వచ్చేవాడు. చెరువులో దిగినవాళ్ళకి దురద ఎందుకొస్తోందో ఆ నత్తల్లోంచి వచ్చే పురుగుల్ని చూపించి 1928లో ప్రకటించాడు. అంతవరకూ జనం నాచు వల్లనో కలుపు మొక్కల వల్లనో అనుకునేవాళ్ళు.

అంత మారుమూల చెరువు గట్టున విశ్వవిద్యాలయానికి ఏం పని? 1909లో ఆ కేంద్రం పెట్టేనాటికి అక్కడ మిగిలింది మొద్దులూ బూడిదా. మిషిగన్ ఉత్తర భాగం ఒకప్పుడు ఆకాశాన్నంటే తెల్ల దేవదారు అడవి. పందొమ్మిదో శతాబ్దం రెండో సగంలో కలప కంపెనీలు ఆ చెట్లన్నీ కొట్టి, నదుల్లో దుంగలు తేల్చి సాగినా, మస్కీగన్ కోతమిల్లులకి చేర్చాయి. షికాగోలో ఇళ్ళకీ, 1871లో ఆ ఊరు కాలిపోయాక మళ్ళీ కట్టుకున్న ఇళ్ళకీ, చెట్టే మొలవని పడమటి మైదానాల్లో లేచిన ఊళ్ళకీ చాలావరకు ఈ కలపే. కొట్టేవి అయిపోయాక కొమ్మా రెమ్మా అక్కడే వదిలేశారు. అవి ఎండి నిప్పంటుకుని నేల కూడా కాలింది. సాగుకి పనికిరాని ఆ భూమిని బొగార్డస్ అనే కలప వ్యాపారి కుటుంబం విశ్వవిద్యాలయానికి ఇచ్చింది. ఇప్పుడు ఆ కేంద్రానికి పదివేల ఎకరాలకు పైమాటే, అడవి మళ్ళీ పెరిగింది.

ఆ అడవి అంతకుముందు ఎవరిదన్నది ఇంకో కథ. 1836లో ఒడావా, ఒజిబ్వే తెగల పెద్దల్ని వాషింగ్టన్‌కి పిలిపించి ఒప్పందం మీద సంతకాలు పెట్టించుకుని, ఇప్పటి మిషిగన్‌లో మూడోవంతుకు పైగా భూమి తీసుకున్నారు. మరుసటి ఏడాది జనవరిలోనే మిషిగన్ రాష్ట్రమైంది. డగ్లస్ లేక్‌కి దక్షిణాన, పరిశోధనా కేంద్రం భూములకి అవతలి వైపున, బర్ట్ లేక్ ఉంది. దాని ఒడ్డున ఒక చిన్న తెగ, ఒప్పందాల మీద ఆశ పెట్టుకోకుండా, సొంత డబ్బు పెట్టి భూమి కొనుక్కుంది. ఎవరూ లాక్కోకుండా దాన్ని గవర్నరు పేరున ధర్మకర్తృత్వంలో పెట్టుకుంది. అలా ఉన్న భూమికి పన్ను ఉండకూడదు. కానీ వేశారు. కట్టలేదని వేలం వేశారు. జాన్ మెగిన్ అనే భూముల వ్యాపారి కొన్నాడు. 1900 అక్టోబరు 15న షెరీఫ్‌ని వెంటబెట్టుకుని వచ్చి, ఇళ్ళలోని వాళ్ళని బయటికి తోలి, కిరసనాయిలు పోసి ఊరు ఊరంతా తగలబెట్టించాడు. చర్చిని మాత్రం వదిలేశారు. ముసలీముతకా పిల్లలూ కాలినడకన క్రాస్ విలేజ్ దాకా పోయి తలదాచుకున్నారు. ఆ తెగవాళ్ళు ఇప్పటికీ ఆ చుట్టుపక్కలే ఉన్నారు. 2006లో కేంద్ర ప్రభుత్వం వాళ్ళని తెగగా గుర్తించడానికి నిరాకరించింది. బ్రిటిష్ ప్రభుత్వం నేరస్థుల జాతని ముద్రవేసి జనాన్ని తెచ్చిపెట్టిన స్టూవర్టుపురం చరిత్ర ఎరిగిన బాపట్ల వాళ్ళకి, కాగితం మీద చట్టం చేత్తో పట్టుకుని ఒక జాతిని కదిలించడం ఎలా ఉంటుందో నేను వివరించనక్కర్లేదు.

చెట్లు పోయి, మనుషులు పోయి, భూమి చవకైంది. కలప మోసిన రైళ్ళకి మోయడానికి ఏమీ లేకపోతే కంపెనీలు పట్నాల నుంచి విహారానికి వచ్చేవాళ్ళని మోయడం మొదలుపెట్టాయి. షికాగో, డెట్రాయిట్‌లలోని కలిగిన కుటుంబాలు చెరువు గట్ల మీద వేసవి ఇళ్ళు కట్టుకున్నాయి. రచయిత హెమింగ్వే చిన్నప్పటి వేసవులన్నీ అక్కడికి దగ్గర్లోని వాలూన్ లేక్ ఒడ్డునే గడిచాయి. కోర్ట్ దురద కారణం చెప్పేనాటికి ఆ దురదకి డబ్బున్న శత్రువులు తయారై ఉన్నారు. ఆ డబ్బు లేకపోతే ఈ కథలో తర్వాతి భాగం లేదు.

నత్తల్ని చంపితే పురుగు పోతుందన్నారు. దానికి వాళ్ళు ఎత్తుకున్న మందు తెనాలి నిమ్మతోటల వాళ్ళకి కొత్తది కాదు: మైలుతుత్తం. సున్నంతో కలిపి మనం చెట్లకి కొట్టేదాన్ని ఇక్కడ పడవల మీంచి చెరువులో పోశారు. ఒక ఏడు కాదు, దశాబ్దాల తరబడి. నత్తలతోపాటు ఇతర జీవులూ చచ్చాయి, రాగి అడుగు బురదలో పేరుకుంది. క్రమంగా ఆ పద్ధతి తగ్గింది.

తర్వాత కళ్ళు బాతు మీద పడ్డాయి. వెనకటికైతే కాల్చేసేవాళ్ళు. ఈ ప్రాంతంలోనే పెటోస్కీ ఊరి దగ్గర 1878లో బాటసారి పావురాల్ని లెక్కలేనన్ని చంపి రైళ్ళకెక్కించారు. ఆ జాతిలో చివరి పక్షి 1914లో సిన్సినాటి జంతుప్రదర్శనశాలలో చచ్చిపోయింది. ఆ సిగ్గులోంచి వచ్చిన చట్టాల్లో 1918 నాటి వలస పక్షుల చట్టం ఒకటి. మెర్గాన్సర్ దాని నీడలోనే ఉంది. అందుకని గ్లెన్ లేక్ లాంటి చోట్ల చెరువు సంఘాల వాళ్ళు చందాలు వేసుకుని, ప్రభుత్వ అనుమతి తెచ్చుకుని, తల్లిబాతునీ పిల్లల్నీ వలేసి పట్టి, బోనుల్లో పెట్టి, ఆ నత్తలు లేని పెద్ద సరస్సుల ఒడ్డున వదిలిపెట్టి వచ్చారు.

ఇది ఫోన్లో చెబితే రేపల్లె దగ్గర మా పెద్దమ్మ నమ్మలేదు.

"బాతుల్ని కారెక్కించి పక్క ఊళ్ళో దింపొస్తారంట్రా? తినరూ?"

"ఇష్టమొచ్చినట్టు చంపకూడదు పెద్దమ్మా, కేసు పెడతారు."

"మరి నత్తల్నేం చేశారు?"

అడగాల్సిన ప్రశ్న అదే. నత్తలు అక్కడే ఉన్నాయి. ఏటా వసంతంలో కొత్త పక్షులు దిగుతాయి. పైగా ఈ మధ్య పరిశోధకులకి అదే చెరువుల్లో ఇంకో రకం నత్తలో, మెర్గాన్సర్లది గాక కెనడా హంసబాతులది ఇంకో పురుగు కనబడింది.

పెద్దమ్మకి నీళ్ళ దురద వినికిడి విషయం కాదు. నలభై ఏళ్ళు ఊడ్పులకి వెళ్ళిన మనిషి. ఆకుమడి పీకేటప్పుడు, నాట్లేసేటప్పుడు పిక్కల మీద దద్దుర్లు లేస్తే రాత్రి ఆముదం రాసుకుని, తెల్లారి మళ్ళీ మడిలో దిగేది. పొలం నీళ్ళలో దురదకి కారణాలు చాలా ఉంటాయి. యూరియా, పురుగుమందు, బురదలో నానిన చర్మం. ఈ జాతి పురుగు కూడా వాటిలో ఒకటి, కాకపోతే మన దగ్గర అది బాతు కంటే ఎక్కువగా గొడ్డుది. 1933లో, మన ప్రాంతం మద్రాసు ప్రెసిడెన్సీలో ఉన్న రోజుల్లో, మద్రాసులో ఎం. అనంతనారాయణరావు అనే పశువైద్య శాస్త్రజ్ఞుడు ఆవుల ముక్కు రక్తనాళాల్లో ఒక పురుగుని కనిపెట్టాడు. ముక్కులో కాలీఫ్లవర్ పువ్వులా కండ పెరిగి, గొడ్డు ఊపిరాడక గురకపెడుతుంది. మనవాళ్ళు గురక రోగమనేది అదే. గేదెల్లో పురుగున్నా చాలావాటికి గురక బయటపడదు. ఆ పురుగుకీ, పశువుల కడుపులో ఉండే దాని దాయాదికీ ఆశ్రయమిచ్చేది ఒకే నత్త, మన మడుల్లో, కాలవ గట్ల వెంట తేలే బిళ్ళలా చుట్టుకున్న చిన్న నత్త. 1938లో మలయా వరిచేలల్లో రైతుల కాళ్ళ దురదకి ఆ దాయాది పురుగే కారణమని బక్లీ అనే శాస్త్రజ్ఞుడు చూపించాడు. తర్వాత అస్సాం వరిచేలల్లోనూ ఈ జాతి దురదే తేలింది.

మిషిగన్‌లో పిల్లలకి చెప్పే జాగ్రత్తలు ఇవీ: పొద్దున పూట దిగొద్దు, గాలి ఒడ్డువైపు వీస్తుంటే దిగొద్దు, లోతు తక్కువ నీళ్ళలో ఆగొద్దు, బయటికి రాగానే తుండుగుడ్డతో గట్టిగా తుడుచుకోవాలి. ఊడ్పుల మనిషికి ఇందులో ఒక్కటీ పనికిరాదు. ఆమె దిగేదే పొద్దున్నే. నిలబడేది పిక్కల లోతు నీళ్ళలోనే. తుడుచుకోవడమంటే సాయంత్రం కాలవలో కాళ్ళు కడుక్కోవడం. బాతులకి బోనులు కొన్నట్టు ఆమె కాళ్ళకి ఎవరూ చందాలు వేసుకోలేదు.

ఇప్పుడు మా వైపు ఊడ్పులే తగ్గిపోయాయి. కాలవ నీళ్ళు ఆలస్యమవుతున్నాయని, కూలి గిట్టుబాటు కావట్లేదని చాలామంది రైతులు పొడి దుక్కిలోనే విత్తనాలు వెదజల్లుతున్నారు. పెద్దమ్మ కూతురు ఇప్పుడు ఆటో ఎక్కి మిరపకోతలకి వెళుతోంది.