ధనర్ణ భాగములు : సంజ్ఞాచరిత్ర, బోధన

పాఠశాల గణితమున ఋణసంఖ్యను అప్పుతో బోల్చి చెప్పుట పరిపాటి. ముప్పావలా ఋణము గలవానికి అర్ధరూపాయి ధనము చేకూరినచో పావలా ఋణము మిగులును. ఇంతవఱకు విద్యార్థికి క్లేశము లేదు. గుణకారము వచ్చునప్పటికి ఆ పోలికయే అడ్డు నిలుచును. అప్పును అప్పుచే గుణించిన సొమ్మెట్లగును? ఈ ప్రశ్నకు సమాధానమును సంజ్ఞల చరిత్రయందు వెదకుట యుక్తమని మా యభిప్రాయము.

క్రీ. శ. 628లో రచించిన బ్రాహ్మస్ఫుటసిద్ధాంతమున బ్రహ్మగుప్తుడు ధన, ఋణ, శూన్యములకు పరికర్మసూత్రములను ఒక్కచోట గూర్చెను. సమములైన ధనర్ణముల యోగము శూన్యమనియు, ధనర్ణముల గుణనఫలము ఋణమనియు, రెండు ఋణముల గుణనఫలము ధనమనియు నాతడు విధించెను. పేరులు వ్యవహారమునుండి వచ్చినవి. సూత్రములు మాత్రము వ్యవహారమును దాటినవి.

ఈ భేదము భాస్కరాచార్యుని గ్రంథములలో స్పష్టపడును. 1150 నాటి లీలావతియందు 10, 17 భుజములును, 9 భూమియు గల త్రిభుజమొకటి కలదు. లంబము 8, అది త్రిభుజమునకు వెలుపల పడును. భూఖండములు 15, ఋణ 6. ఇచట ఋణమనగా విపరీతదిశ యని యాచార్యుడు గ్రహించెను. బీజగణితమున వానరయూథమును గూర్చిన లెక్కకు 50, 5 అను రెండు ఫలములు వచ్చును. యూథము 5 అయినచో, పంచమాంశమగు 1 నుండి 3 తీసివేయగా ఋణ 2 మిగులును. అట్టి సంఖ్యను లోక మంగీకరింపదని యా ఫలమును ద్రోసిపుచ్చెను. ఒకే యాచార్యుడు ఒకచోట గ్రహించి, వేఱొకచోట విడుచుటలో వైరుధ్యము లేదు. రేఖకు దిశ కలదు, వానరగణనకు లేదు. సంఖ్య దేనిని కొలుచుచున్నదో దానినిబట్టియే ఋణమున కర్థ మేర్పడుచున్నది.

కావున గుణకారమున పోలికను విడిచి నియమమునే యాశ్రయింపవలెను. ధన 1/2, ఋణ 1/2 ల యోగము శూన్యము. రెంటిని ఋణ 3 చే గుణించినను యోగము శూన్యముగనే యుండవలెను. మొదటి ఫలము ఋణ 3/2 గనుక, రెండవది ధన 3/2 కాక తప్పదు. ఇందు అప్పు ప్రసక్తియే లేదు.

ఇక మన పాఠ్యపుస్తకములలోని ‘అకరణీయసంఖ్య’ యను పేరును విచారింతము. ప్రాచీనులు నిశ్శేషమైన వర్గమూలము లేని రాశిని కరణి యనిరి. ఆ సంప్రదాయ మెఱుగని బాలునకు ఈ పదము ‘చేయరానిది’ యని వినబడును. భాగరూపమున వ్రాయదగిన సులభసంఖ్యకు నిషేధార్థము స్ఫురించు పేరు గలుగుట చిత్రమే. పదమును మార్చుటకంటె దాని పుట్టుకను తరగతిలో వివరించుట మేలు. అట్టి వివరణము గణితోపాధ్యాయునకును భాషాపరిశోధకునకును ఉమ్మడి కర్తవ్యమని మేము తలంచుచున్నాము.