నైట్రోజన్ ఆక్సైడ్లు: మూలకాలు రెండే, గుణాలు అనేకం

వాతావరణంలో దాదాపు 78 శాతం నైట్రోజన్, 21 శాతం ఆక్సిజన్ ఉన్నాయి. సాధారణ ఉష్ణోగ్రత వద్ద ఈ రెండు వాయువులు పక్కపక్కనే ఉన్నా ఒకదానితో ఒకటి చర్య జరపవు. నైట్రోజన్ అణువులోని రెండు పరమాణువులను బలమైన త్రిబంధం కలిపి ఉంచడమే ఇందుకు కారణం. మెరుపు, వాహన ఇంజిన్, విద్యుత్ కేంద్రపు బాయిలర్ వంటి చోట్ల పుట్టే తీవ్రమైన వేడికి ఆ బంధం తెగినప్పుడు నైట్రోజన్ ఆక్సైడ్లు ఏర్పడతాయి.

రెండు మూలకాలతో మాత్రమే ఏర్పడే పదార్థాలను ద్విమూలక సమ్మేళనాలు అంటారు. నీరు, ఉప్పు ఈ కోవలోనివే. నైట్రోజన్, ఆక్సిజన్ల ప్రత్యేకత ఏమిటంటే, అవి పలు నిష్పత్తుల్లో కలుస్తాయి. 14 గ్రాముల నైట్రోజన్‌తో కలిసే ఆక్సిజన్ వేర్వేరు ఆక్సైడ్లలో 8, 16, 24, 32, 40 గ్రాములుగా ఉంటుంది. ఇవన్నీ 8కి గుణిజాలే. జాన్ డాల్టన్ ప్రతిపాదించిన బహ్వనుపాత నియమానికి ఇది ప్రసిద్ధ ఉదాహరణ.

నిష్పత్తితో పాటు స్వభావమూ మారుతుంది. నైట్రస్ ఆక్సైడ్ శస్త్రచికిత్సల్లో మత్తు కోసం వాడే వాయువు. మోతాదు మించిన ఎరువుల వల్ల పొలాల నుంచి కూడా ఇది అధికంగా వెలువడుతుంది. వందేళ్ల వ్యవధిలో దీని భూతాపన ప్రభావం కార్బన్ డయాక్సైడ్ కంటే సుమారు 270 రెట్లు ఎక్కువ. నైట్రిక్ ఆక్సైడ్ శరీరంలో రక్తనాళాలను సడలించే సంకేత అణువు. దీనిపై పరిశోధనలకు 1998లో ముగ్గురు శాస్త్రవేత్తలకు వైద్య నోబెల్ లభించింది. ఎరుపు గోధుమ రంగులో ఉండే నైట్రోజన్ డయాక్సైడ్ ఊపిరితిత్తులకు హానికరం. దీని అణువులు రెండు జతకడితే డైనైట్రోజన్ టెట్రాక్సైడ్ అవుతుంది. 2023 జులై 14న శ్రీహరికోట నుంచి చంద్రయాన్-3ని మోసుకెళ్లిన రాకెట్‌లో, ద్రవ ఇంధన దశను మండించేందుకు వాడిన ఆక్సీకారిణి ఇదే.

నగరాల్లో ఈ కాలుష్యాన్ని అరికట్టడం సులభం కాదు. ఇంజిన్‌లో నైట్రోజన్ ఆక్సైడ్లు ప్రధానంగా ఇంధనం నుంచి కాక, లోనికి పీల్చుకున్న గాలి నుంచే పుడతాయి. అందువల్ల ఇంధనాన్ని శుద్ధి చేసినంత మాత్రాన అవి ఆగవు. వెలువడిన నైట్రోజన్ డయాక్సైడ్ ఎండలో ఓజోన్‌కూ, తేమతో కలిసి ఆమ్ల వర్షానికీ కారణమవుతుంది.

2020 ఏప్రిల్ 1న అమల్లోకి వచ్చిన బీఎస్-6 ప్రమాణాలు డీజిల్ కార్ల నైట్రోజన్ ఆక్సైడ్ల పరిమితిని కిలోమీటరుకు 250 నుంచి 80 మిల్లీగ్రాములకు తగ్గించాయి. అనేక డీజిల్ లారీలు, బస్సుల్లో పొగగొట్టంలోకి యూరియా ద్రావణాన్ని చిమ్ముతారు. దాని నుంచి వెలువడే అమ్మోనియా, ఉత్ప్రేరకం సమక్షంలో ఈ ఆక్సైడ్లను తిరిగి నైట్రోజన్‌గా, నీటి ఆవిరిగా మారుస్తుంది.

నివాస, పారిశ్రామిక ప్రాంతాల్లో ఘనపు మీటరు గాలిలో నైట్రోజన్ డయాక్సైడ్ వార్షిక సగటు 40 మైక్రోగ్రాములు మించరాదని భారత ప్రమాణాలు నిర్దేశిస్తున్నాయి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో సూచించిన పరిమితి 10 మైక్రోగ్రాములే.