పాకీజా వెనక జర్మన్ కన్ను

మన ఇళ్లలో ‘పాకీజా’ తెలియనివాళ్లు తక్కువే. మీనాకుమారి, కమాల్ అమ్రోహీ, గులాం మొహమ్మద్ పేర్లు మా అమ్మీకి జబానీ యాద్. ఆ కోఠాల రోషనీ, మెహరాబుల కింద పరుచుకున్న నీడలు ఎవరి పనితనమో అడిగితే మాత్రం ఖామోషీ. ఆయన పేరు జోసెఫ్ విర్షింగ్. జర్మనీలోని మ్యూనిక్‌వాడు.

1903లో పుట్టాడు. ఎమెల్కా ఫిలిం కంపెనీలో పనిచేసేవాడు. హిమాంశు రాయ్‌తో కలిసి బుద్ధుడి కథ ‘ప్రేమ్ సన్యాస్’ తీయడానికి ఆ కంపెనీ 1925లో పంపిన చిన్న బృందంతో తొలిసారి హిందుస్తాన్ వచ్చాడు. డైరెక్టర్ ఫ్రాంజ్ ఓస్టెన్. రాయ్, దేవికారాణి బాంబే టాకీస్ పెట్టినప్పుడు ఇద్దరూ మళ్లీ వచ్చారు. ‘జవానీ కీ హవా’, ‘అఛూత్ కన్యా’, ‘కంగన్’ అన్నీ విర్షింగ్ కెమెరాలోవే. ముఖమంతా వెలుగుతో నింపకుండా సగం చీకట్లో వదిలేసే జర్మన్ పద్ధతి ఆయన వెంటే వచ్చింది.

1939లో జంగ్ మొదలైంది. అంగ్రేజీ సర్కారు లెక్కలో జర్మన్ అంటే దుష్మన్. మలాడ్ స్టూడియోలో పనిచేసుకునే జర్మన్లను పట్టుకుపోయారు. ఓస్టెన్ 1936లో నాజీ పార్టీలో చేరినవాడు, ఆ మాట దాచి రాయడం ఇన్సాఫ్ కాదు. అయితే ఓస్టెన్ చివరికి వతన్ చేరుకున్నాడు. విర్షింగ్ మాత్రం జంగ్ ముగిసేదాకా ఇక్కడే క్యాంపుల్లో బందీగా ఉన్నాడు. బయటికొచ్చాక కూడా తిరిగి వెళ్లిపోలేదు. ఖైదు చేసిన ముల్కులోనే మళ్లీ కెమెరా పట్టాడు. నాకు ఆయన మీద ఇజ్జత్ పెరిగింది ఇక్కడే.

1949లో ‘మహల్’ వచ్చింది. అమ్రోహీకి డైరెక్టర్‌గా తొలి సినిమా. పాడుబడ్డ హవేలీ, ఊగే ఉయ్యాల, కనిపించీ కనిపించని మధుబాల. భయమంతా వెలుగు తగ్గించడంలోనే ఉంది. అమ్రోహీ రాసిన ఉర్దూ మాటకూ విర్షింగ్ నీడకూ జోడీ అక్కడే కుదిరిందని నేననుకుంటాను. 1960లో ‘దిల్ అప్నా ఔర్ ప్రీత్ పరాయీ’లో నర్సు వేషంలో మీనాకుమారిని చూపించిందీ ఆయనే.

‘పాకీజా’ 1956లో మొదలైంది. ముందు బ్లాక్ అండ్ వైట్, తర్వాత రంగులు, ఆ తర్వాత సినిమాస్కోప్. 1964లో మియాబీవీ విడిపోయారు, షూటింగ్ ఆగిపోయింది. 1967లో విర్షింగ్ ఇంతకాల్ అయ్యాడు, ఆ మరుసటి ఏడు గులాం మొహమ్మద్. 1969లో పని మళ్లీ మొదలయ్యాక మిగతా భాగం వేరే కెమెరామెన్ పూర్తిచేశారు. 1972 ఫిబ్రవరి 4న సినిమా విడుదలైంది. రెండు నెలలు నిండకుండానే, మార్చి 31న, మీనాకుమారీ వెళ్లిపోయింది.

అంతమంది చేతులు పడ్డా తెర మీద కెమెరామన్‌గా విర్షింగ్ పేరే వేశారు. ఈసారి టీవీలో ‘పాకీజా’ వస్తే టైటిల్స్ అయ్యేదాకా చాయ్ కోసం లేవకండి.