మత్రూకా: ఆసామీలు లేని ఆస్తుల కథ

చెన్నపట్నంలో పారీస్ కార్నర్ దగ్గర బస్సు దిగి కాస్త లోపలికి నడిస్తే ఆర్మేనియన్ వీధి వస్తుంది. తమిళులు దాన్ని అరణ్మనైక్కారన్ వీధి అంటారు. అరణ్మనై అంటే రాజమహలు. ఆ వీధిలో మహలూ లేదు, రాజూ లేడు. ఆర్మేనియన్ అన్న మాటకు నోరు తిరగక జనం దాన్ని తమకు తెలిసిన మాటలోకి తిప్పుకున్నారని చెబుతారు.

ఉద్యోగంలో చేరిన కొత్తలో ఆ చుట్టుపక్కల ఒక బ్రాంచిలో పనిచేశాను. మధ్యాహ్నం క్యారియర్ ముగించాక కొన్నాళ్ళు ఆ వీధిలోని ఆర్మేనియన్ చర్చి ఆవరణలోకి వెళ్ళి పావుగంట కూర్చునేవాణ్ణి. ఇప్పుడున్న కట్టడం 1772 నాటిది. లోపల చెట్ల నీడ, గంటల గోపురం, నేలలో పరిచిన సమాధి రాళ్ళు, వాటి మీద నాకు ఒక్క అక్షరమైనా తెలియని లిపి. ఊళ్ళో ఆ జాతివాళ్ళు దాదాపు లేనట్టే.

అక్కడున్న సమాధుల్లో ఒకటి హరూత్యూన్ ష్మవోన్యాన్ అనే మతగురువుది. ఈయన 1794 అక్టోబరులో చెన్నపట్నంలోనే ‘అజ్దరార్’ అనే మాసపత్రిక మొదలుపెట్టారు. ఆర్మేనియన్ భాషలో ప్రపంచంలోకెల్లా మొట్టమొదటి పత్రిక అదే. రెండేళ్ళు నిండకుండానే ఆగిపోయింది. పరాయి గడ్డ మీద సొంత భాషలో చిన్న పత్రిక నడపడం ఎలా ఉంటుందో ఈ పాఠకులకు నేను వేరే చెప్పనక్కర్లేదు.

ఒక సంగతి ముందే చెప్పాలి. మద్రాసుకు వచ్చిన ఆర్మేనియన్లు పర్షియాలోని కొత్త జుల్ఫా నుంచి వ్యాపారం కోసం వచ్చినవాళ్ళు. నేను రాయబోయేది తురుష్కుల ఒట్టోమన్ సామ్రాజ్యంలో ఉండిన ఆర్మేనియన్ల గురించి. జాతి ఒకటే గాని కథలు వేరు. ఇక్కడివాళ్ళకు పేరు చెక్కిన రాయి ఉంది. అక్కడ 1915లో చనిపోయినవాళ్ళలో చాలామందికి గొయ్యి కూడా లేదు. ఆ రాళ్ళ మీది లిపి ఎవరిదో తెలుసుకుందామని పుస్తకాలు తిరగేస్తూ ఆ రెండో కథలోకి వెళ్ళాను. నేను చదివింది బి.కాం., చరిత్ర నా సబ్జెక్టు కాదు. అందుకే కాబోలు, హత్యల వర్ణన కన్నా ఆ హత్యల వెనక నడిచిన లెక్కల పుస్తకాలే నన్ను ఎక్కువగా పట్టుకున్నాయి.

ముందు జరిగినదాన్ని క్లుప్తంగా చెబుతాను. సామ్రాజ్యం తూర్పు భాగంలో, రష్యా సరిహద్దు దాకా, ఆర్మేనియన్లు వేల ఏళ్ళుగా ఉన్నారు. క్రైస్తవులు. రైతులు, కంసాలులు, వడ్డీ వ్యాపారులు, వైద్యులు, పంతుళ్ళు. 1894-96 మధ్య సుల్తాను అబ్దుల్ హమీద్ కాలంలో లక్షకు పైగా, 1909లో అదానాలో సుమారు 20,000 మంది ఊచకోతకు బలయ్యారు. తర్వాత ప్రపంచయుద్ధం వచ్చింది. యుద్ధమంత్రి ఎన్వర్ పాషా 1915 జనవరి నాటికి సారికమిష్ దగ్గర రష్యా చేతిలో ఘోరంగా ఓడిపోయాడు. ఆ ఓటమికి నింద ఆర్మేనియన్ల మీద పడింది.

1915 ఏప్రిల్ 24 రాత్రి కాన్‌స్టాంటినోపుల్‌లో ఆర్మేనియన్ కవులు, పాత్రికేయులు, వైద్యులు, పెద్దమనుషులు రెండు వందల మందికి పైగా అరెస్టయ్యారు. వాళ్ళలో ఎక్కువమంది తిరిగి రాలేదు. కవి దానియెల్ వరుజాన్‌ను ఆగస్టులో దారిలో చంపారు. జానపద గీతాలను ఊరూరా తిరిగి సేకరించిన సంగీతజ్ఞుడు కొమితాస్ ప్రాణాలతో తిరిగొచ్చాడు గాని మతి తిరిగి రాలేదు. 1935లో పారిస్ దగ్గర ఒక మానసిక చికిత్సాలయంలో పోయాడు. ఆ ఎండాకాలమంతా ఊళ్ళకు ఊళ్ళు ఖాళీ చేయించారు. మగవాళ్ళను విడదీసి ఊరి బయట చంపారు. ఆడవాళ్ళనూ పిల్లలనూ ముసలివాళ్ళనూ సిరియా ఎడారికి, దేర్ ఎజ్ జోర్ వైపు నడిపించారు. ఆకలి, దప్పిక, రోగాలు, దారిదోపిడులు, అపహరణలు, హత్యలు మిగతా పని చేశాయి.

ఇక నా లెక్కలకు వస్తాను.

ఇళ్ళు ఖాళీ చేయించే చట్టం 1915 మే 27న వచ్చింది. రెండు వారాలకు, జూన్ 10న, వెళ్ళినవాళ్ళ ఆస్తుల నిర్వహణకు నిబంధనలు తయారయ్యాయి. సెప్టెంబరు 26న దాని మీద చట్టం వచ్చింది. ఈ ఆస్తులకు పెట్టిన పేరు ‘ఎమ్వాల్-ఇ మెత్రూకే’, అంటే వదలిపోయిన ఆస్తులు. ఈ మాట మన దక్కనులో వినపడనిదేమీ కాదు. హైదరాబాదు కోర్టుల్లో వారసుల తగాదాలు చదివినవాళ్ళకు ‘మత్రూకా’ ఆస్తి అంటే తెలుసు. చనిపోయిన మనిషి విడిచి వెళ్ళినది. ఒక్క అరబ్బీ ధాతువు నుంచి పుట్టిన మాటలే అవి. కాకపోతే హైదరాబాదులో మనిషి పోయాక ఆస్తి మత్రూకా అవుతుంది. అక్కడ ఆస్తికి ముందు ఆ పేరు పెట్టారు. ఆసామీ ఇంకా రోడ్డు మీద నడుస్తూనే ఉన్నాడు.

ఆ నిబంధనలు చదివితే బ్యాంకు మనిషికి ఒళ్ళు జలదరిస్తుంది. వాటిలో క్రూరమైన మాట ఒక్కటీ కనపడదు. ప్రతి ఇంటికీ సీలు వేయాలి. సామాను జాబితా రాయాలి. పేరు, రకం, విలువ నమోదు చేయాలి. పాడైపోయే సరుకునూ పశువులనూ వేలం వేసి, వచ్చిన సొమ్మును ఆసామీ పేరు మీదనే జమ కట్టాలి. దానికి కమిషన్లు, రిజిస్టర్లు, సంతకాలు. మా ఇన్‌స్పెక్టర్లు వచ్చి చూసినా తప్పు పట్టలేనంత శుభ్రమైన పద్ధతి. ఆ జమ అయిన సొమ్ము ఆసామీకి చేరడం మటుకు లేదు. ఇళ్ళలోకి బాల్కను దేశాల నుంచి వచ్చిన ముస్లిం శరణార్థులు చేరారు, దుకాణాలు స్థానిక పెద్దల పాలయ్యాయి, కొన్ని కట్టడాలు బడులూ జైళ్ళూ పోలీసు ఠాణాలూ అయ్యాయి.

ఇది తప్పని ఆ దేశంలోనే ఒకాయన అన్నాడు. సెనేటు సభ్యుడు అహ్మద్ రిజా. ఆసామీలు తమంతట తాము వదలలేదు, బలవంతంగా వెళ్ళగొట్టారు, అలాంటప్పుడు వదలిపోయినవని పిలవడమే చట్టవిరుద్ధం అని 1915 చివర్లో సభలో వాదించాడు. ఆ వాదన నెగ్గలేదు.

నా సర్వీసులో చూసిన ఒక చిన్న సంగతి ఇక్కడ చెప్పాలనిపిస్తోంది. ఏళ్ళ తరబడి లావాదేవీలు లేని ఖాతాలు బ్యాంకుల్లో ‘అన్‌క్లెయిమ్డ్’ జాబితాలోకి వెళతాయి. ఒకసారి ఒక ముసలమ్మగారు చనిపోయిన తన అన్నగారి ఎఫ్.డి. రసీదు తీసుకొచ్చింది. గడువు తీరి పద్దెనిమిదేళ్ళయింది. కంప్యూటర్‌లో ఆ నంబరే లేదు. మా గుమాస్తా ఒకాయన రెండు రోజులు పాత లెడ్జర్ల గదిలో దుమ్ము దులిపి ఆ పేజీ పట్టుకొచ్చాడు. వారసత్వపు కాగితాలు తీసుకుని సొమ్ము ఇచ్చేశాం. అడిగే మనిషి రాకపోయినంత మాత్రాన సొమ్ము బ్యాంకుది అయిపోదని మాకు మొదటి రోజుల్లోనే నూరిపోస్తారు. పుస్తకంలో పేరుంటే బాకీ ఉన్నట్టే. ఆర్మేనియన్ల రిజిస్టర్లలోనూ పేర్లు ఉన్నాయి. తేడా ఏమిటంటే అక్కడ అడిగే మనిషి రాకుండా చేసిందీ, పుస్తకం రాసిందీ ఒకే సర్కారు.

తర్వాత వచ్చిన తుర్కీ రిపబ్లిక్ 1927లో ఇంకో మెలిక పెట్టింది. స్వాతంత్ర్య పోరాటంలో పాల్గొనకుండా విదేశాల్లో ఉండిపోయినవారి పౌరసత్వం రద్దు చేయవచ్చునని చట్టం చేసింది. వెళ్ళగొట్టినవాడే, తిరిగి రాలేదని లెక్క కట్టడం! 2005లో పాత ఒట్టోమన్ భూమి రిజిస్టర్లను ప్రజలకు అందుబాటులో ఉంచవద్దని ఆ దేశపు జాతీయ భద్రతా మండలి నుంచి సలహా వెళ్ళింది. వాటిని చూపించి ఆస్తులు అడుగుతారన్న భయం. అంకారాలో 2014 దాకా అధ్యక్షులు నివసించిన చాన్‌కాయా భవనం తోట కూడా ఒకప్పుడు కసబ్యాన్ అనే ఆర్మేనియన్ కుటుంబానిదే.

బీమా సంగతి ఇంకా విడ్డూరం. అప్పటి అమెరికా రాయబారి హెన్రీ మోర్గెంథౌ 1918లో అచ్చు వేసిన జ్ఞాపకాల్లో రాశాడు. హోంమంత్రి తలాత్ పాషా ఒకనాడు ఆయన్ని అడిగాడట, అమెరికన్ బీమా కంపెనీల దగ్గర పాలసీలున్న ఆర్మేనియన్ల జాబితా తెప్పించమని. వాళ్ళంతా చనిపోయారు, వారసులూ లేరు, కాబట్టి ఆ సొమ్ము సర్కారుకే రావాలి అని వాదన. మోర్గెంథౌ కోపంతో కాదన్నాడు. దీనికి ఆయన మాట ఒక్కటే ఆధారం, కొందరు చరిత్రకారులు ఆ పుస్తకాన్ని అంతగా నమ్మరు కూడా. నాకు మాత్రం అది కల్పన అనిపించదు. అడిగిన మనిషి తాను నేరం ఒప్పుకుంటున్నానని అనుకోలేదు. క్లెయిము ఫారం నింపుతున్నాననుకున్నాడు. అలాంటివాళ్ళను మా కౌంటర్లలో, ఎంతో చిన్న సంగతుల్లో, చూశాను.

ఆ పాలసీలు నిజంగానే ఉన్నాయి. 2004లో న్యూయార్క్ లైఫ్ కంపెనీ సుమారు 2,400 పాలసీల వ్యవహారంలో రెండు కోట్ల డాలర్లకు రాజీ పడింది. మరుసటి ఏడు ఫ్రాన్సుకు చెందిన ఆక్సా కంపెనీ ఒక కోటీ డెబ్బై లక్షల డాలర్లకు ఒప్పుకుంది. తొంభై ఏళ్ళ తర్వాత మనవలూ మునిమనవలూ పాత ఉత్తరాలు వెతుక్కుని వరసలో నిలబడ్డారు.

చంపినవాళ్ళ పక్షాన ఉన్నవాళ్ళంతా ఒక్కలాంటివాళ్ళు కారు. అలెప్పో గవర్నరు జెలాల్ బే ఆర్మేనియన్లను తరిమే ఆజ్ఞలకు అడ్డుపడితే కోన్యాకు బదిలీ చేశారు. అక్కడా అదే పని చేస్తే పదవి నుంచి తీసేశారు. లిజే అనే చిన్న పట్టణపు అధికారి హుసేన్ నెసిమి కూడా ఒప్పుకోలేదు. ఆయన్ని దియార్‌బకిర్‌కు పిలిపించి దారిలో చంపించారు. పైనుంచి వచ్చిన సర్క్యులర్‌ను నోరెత్తకుండా అమలుపరచడం ఎంత సులువో ముప్పై ఏళ్ళు ఆఫీసులో ఉన్నవాడిగా నాకు తెలుసు. ఈ ఇద్దరి పేర్లూ నేను డైరీలో రాసుకున్నాను.

ఎంతమంది పోయారు? చరిత్రకారుల అంచనాలు ఆరు లక్షల నుంచి పదిహేను లక్షల దాకా ఉన్నాయి. దీని మీద కూడా ఒక పద్దు పుస్తకం బయటపడింది. తలాత్ పాషా సొంత నోటు పుస్తకం. 1914లో ఆర్మేనియన్లు 12,56,000. 1917లో 2,84,157. మధ్యలో తొమ్మిది లక్షల డెబ్బై వేలకు పైగా మనుషులు లెక్కలో లేరు. కొందరు రష్యాకు పారిపోయి ఉండవచ్చు, అందరూ చనిపోయారని కాదు. ఆ పుస్తకం ఆయన భార్య దగ్గర దశాబ్దాల పాటు ఉండి, పాత్రికేయుడు మురాత్ బార్దాక్చి చేతికి వచ్చింది. 2008లో దాన్ని ఆయన అచ్చు వేశాడు. పుస్తకం పేరు ‘తలాత్ పాషా ఎవ్రాక్-ఇ మెత్రూకేసి’, తలాత్ పాషా విడిచివెళ్ళిన కాగితాలు. ఆ మాటే మళ్ళీ వచ్చి కూర్చుంది.

తలాత్‌ను 1921 మార్చి 15న బెర్లిన్ వీధిలో సొగొమోన్ తెహ్లిర్యాన్ అనే ఆర్మేనియన్ యువకుడు కాల్చి చంపాడు. జర్మన్ జ్యూరీ అతన్ని వదిలేసింది. ఆ కేసు మీద ఆలోచనలో పడ్డ రాఫెల్ లెమ్కిన్ అనే యూదు న్యాయశాస్త్రవేత్తే 1944లో ‘జెనోసైడ్’ అన్న మాట పుట్టించాడు. ఇవాళ్టి పోట్లాటంతా ఆ మాట మీదనే. ఉరుగ్వే 1965లోనే ఆ అకృత్యాన్ని గుర్తించింది. జర్మన్ పార్లమెంటు 2016లో, అమెరికా అధ్యక్షుడు 2021లో ఆ మాటే వాడారు. యుద్ధంలో అందరూ చచ్చారు, రోగాలొచ్చాయి, ఆర్మేనియన్లు శత్రువుతో కలిశారు అని తుర్కీ ప్రభుత్వం అంటుంది. కొందరు కలిసిన మాట నిజమే. కాన్‌స్టాంటినోపుల్ కవీ, ఊయల్లో బిడ్డా కలవలేదు కదా.

సోవియట్ కాలంలో దీని గురించి పైకి మాట్లాడనిచ్చేవారు కాదు. 1965 ఏప్రిల్ 24న, యాభై ఏళ్ళు నిండిన రోజున, యెరెవాన్ వీధుల్లోకి లక్షమంది దాకా వచ్చేసరికి మాస్కో దిగిరాక తప్పలేదు. 1967లో కొండ మీద స్మారకం పూర్తయింది. లోపలికి వంగిన పన్నెండు రాతి పలకలు, మధ్యలో ఆరని మంట. ఏటా ఆ రోజున జనం పూలు పట్టుకుని కొండెక్కుతారు. దేర్ ఎజ్ జోర్‌లో ఎముకలను భద్రపరచి కట్టిన స్మారక చర్చిని మాత్రం 2014లో ఐసిస్ పేల్చేసింది.

చివరగా హ్రాంత్ దింక్ గురించి. ఈయన ఇస్తాంబుల్ ఆర్మేనియన్. 1996లో ‘అగోస్’ అనే వారపత్రిక పెట్టాడు. తుర్కీ భాషలోనూ ఆర్మేనియన్‌లోనూ నడిచేది, ఇప్పటికీ నడుస్తోంది. 1915 గురించి తుర్కులతో వాళ్ళ భాషలోనే, ద్వేషం లేకుండా మాట్లాడాడు. దానికి కోర్టు శిక్ష వేసింది. 2007 జనవరి 19న పత్రికాఫీసు గుమ్మం ముందే ఒక కుర్రవాడు కాల్చి చంపాడు. అంత్యక్రియలకు లక్షమంది దాకా వచ్చారు. ‘మేమంతా ఆర్మేనియన్లమే’ అని తుర్కులే అట్టలు పట్టుకుని నడిచారు.

దింక్ చిన్నప్పుడు ఇస్తాంబుల్ బయట తూజ్లాలో ఒక అనాథల శిబిరంలో పెరిగాడు. ఆ కట్టడాన్ని 1960లలో ఆ పిల్లలే ఇసుకా రాళ్ళూ మోసి కట్టుకున్నారు. పెద్దయ్యాక తాను పెళ్ళాడిన అమ్మాయిని కలిసిందీ అక్కడే. మైనారిటీ సంస్థలు 1936లో ఇచ్చిన ఆస్తుల జాబితాలో లేనిదేదీ వాటికి చెందదని కోర్టులు తేల్చడంతో 1980లలో ఆ స్థలాన్ని లాక్కుని పాత యజమానికి ఇచ్చేశారు. తర్వాత అది చేతులు మారింది. 2015 మేలో పడగొట్టడానికి బుల్డోజర్ వచ్చింది. ఆర్మేనియన్లూ తుర్కులూ కుర్దులూ కలిసి నూట డెబ్బై అయిదు రోజులు అక్కడే గుడారాలు వేసుకుని కూర్చున్నారు. ఆ ఏడు అక్టోబరు చివర్లో పట్టా తిరిగి ఆర్మేనియన్ చర్చి సంస్థ పేరు మీదికి వచ్చింది. అప్పటికి దింక్ పోయి ఎనిమిదేళ్ళు దాటింది. పిల్లలు కట్టిన గోడలు కొంతమేర నేలమట్టమయ్యాయి.