పాట మనది, ఖాతా ఎవరిది?

డిజిటల్ వేదికలు దళిత కళాకారులకు ఏమిచ్చాయని విద్యార్థులు అడిగితే మేం ముందు ‘ఎంజాయ్ ఎంజామి’ని చూపిస్తాం. 2021 మార్చిలో యూట్యూబ్‌లో వచ్చిన తమిళ పాట. రాసింది దళిత ర్యాపర్ అరివు, పాడింది ధీ, అరివు, సంగీతం సంతోష్ నారాయణన్. శ్రీలంక తేయాకు తోటల్లో చాకిరీ చేసి, తిరిగొచ్చాక కూడా సెంటు భూమికి నోచుకోని తన అవ్వ తరం గోసను అరివు ఇందులో పెట్టాడు. సినిమా అండ లేదు. అయినా కోట్ల మంది చూశారు. క్యాసెట్ల రోజుల్లో ఇలాంటి పాట కంపెనీ గడప దాటడమే కష్టం.

గడప మాత్రం పోలేదు, చోటు మారింది. అదే ఏడాది ఆగస్టులో రోలింగ్ స్టోన్ ఇండియా ముఖచిత్రంపై ధీ ఉంది, అరివు లేడు. దర్శకుడు పా. రంజిత్ బాహాటంగా నిలదీశాకే పత్రిక అరివుతో డిజిటల్ ముఖచిత్రం వేసింది. 2022లో చెన్నై చెస్ ఒలింపియాడ్ వేదికపై అరివు లేకుండానే ఆ పాట పాడారు. పాట పుట్టుకలో తన పాలెంతో అరివు ఇన్‌స్టాగ్రామ్‌లో రాసుకోవాల్సి వచ్చింది. బాణీ తనదేననీ, పేరూ ఆదాయమూ ముగ్గురికీ సమానమేననీ సంతోష్ బదులిచ్చాడు.

ఎవరి మాట ఎంత అన్నది పక్కన పెడితే, మేం చూడమనేది ఒప్పంద కాగితాన్ని. వ్యూస్ పాటకు వస్తాయి, డబ్బు హక్కులున్న ఖాతాకు పోతుంది. పల్లె పాటలు పాడి ఎవరి ఛానల్‌కో ఇచ్చేస్తున్న మన తెలుగు కళాకారులకూ ఇదే లెక్క. మూడేళ్లకు, 2024 మార్చిలో, ఆ పాట మీద తమకు పైసా కూడా రాలేదని స్వయంగా సంతోషే ప్రకటించాడు.