థామస్ మన్రో: నిజాం వదులుకున్న సీమను ఏలిన స్కాట్లాండ్ జనరల్

బాన్సువాడలో ఆడే సినిమా వసూళ్లు ‘నైజాం’ లెక్కలోకి వెళ్తాయి. అనంతపురం, కడపలో ఆడితే ‘సీడెడ్’ లెక్క. సీడెడ్ అంటే అప్పగించినది. అప్పగించింది హైదరాబాద్ నిజామే. ఆ ప్రాంతాన్ని మొదట ఏలిన తెల్లదొర సర్ థామస్ మన్రో.

మన్రో 1761 మే 27న స్కాట్లాండ్‌లోని గ్లాస్గోలో పుట్టారు. తండ్రి వ్యాపారి. అమెరికా స్వాతంత్ర్య యుద్ధంతో ఆయన వ్యాపారం దివాలా తీసింది. దీంతో కొడుకు ఈస్టిండియా కంపెనీ సైన్యంలో చేరి 1780లో మద్రాసు వచ్చారు. హైదర్ అలీ, టిప్పు సుల్తాన్‌లపై జరిగిన యుద్ధాల్లో పనిచేశారు. హిందుస్తానీ, ఫారసీ నేర్చుకున్నారు. తెలుగూ మాట్లాడేవారు.

దత్తమండలాలు

టిప్పుతో యుద్ధాల తర్వాత బళ్లారి, అనంతపురం, కడప ప్రాంతాలు నిజాం వాటాకు వచ్చాయి. హైదరాబాద్‌లో ఉంచిన కంపెనీ ఫౌజు ఖర్చు కింద, 1800 అక్టోబరు 12 నాటి ఒప్పందంతో నిజాం అలీ ఖాన్ వాటిని కంపెనీకి రాసిచ్చారు. వీటినే తెలుగులో దత్తమండలాలు అన్నారు. రాయలసీమ అనే పేరు 1928లో వచ్చింది.

మన్రో ఇక్కడ 1807 దాకా ప్రిన్సిపల్ కలెక్టర్‌గా ఉన్నారు. దాదాపు 80 మంది పాలెగాళ్ల అధికారాన్ని బలప్రయోగంతో అణచివేశారు. పొలాలు కొలిపించి, జమీందారు లేకుండా రైతే నేరుగా సర్కారుకు శిస్తు కట్టే రైతువారీ పద్ధతి తెచ్చారు.

అయితే ఆ శిస్తు రైతుకు మోయలేని భారమైంది. దాన్ని పావు వంతు తగ్గించాలని 1807లో మన్రోనే సిఫార్సు చేశారు. కంపెనీ అప్పట్లో వినలేదు. 1820లో మద్రాసు గవర్నర్ అయ్యాక ఆయనే తగ్గింపు అమలు చేశారు.

గవర్నర్‌గా

1822లో ఊరి బడుల లెక్క తీయమని కలెక్టర్లను ఆదేశించారు. మద్రాసు రాష్ట్రంలో 12,498 బడులు తేలాయి. భారతీయులకు పెద్ద ఉద్యోగాలు ఇవ్వాలని 1824లో గట్టిగా రాశారు. అప్పటికే మేజర్ జనరల్ అయిన ఆయనకు 1825లో వంశపారంపర్యంగా వచ్చే బారనెట్ బిరుదు దక్కింది.

1827లో పదవి దిగేముందు దత్తమండలాలను మరోసారి చూడాలని బయల్దేరారు. కర్నూలు జిల్లా పత్తికొండలో కలరా సోకి జులై 6న చనిపోయారు. గుత్తిలో ఖననం చేసి, తర్వాత అవశేషాలను మద్రాసు కోటలోని సెయింట్ మేరీస్ చర్చికి తరలించారు. చెన్నైలో గుర్రంపై ఉన్న ఆయన విగ్రహం ఇప్పటికీ ఉంది.

మంత్రాలయంలో రాఘవేంద్రస్వామి ఆయనకు కనిపించి మాట్లాడారని భక్తులు చెప్పుకుంటారు. సీమలో కొందరు పిల్లలకు మన్రోలప్ప అని పేరు పెట్టుకున్నారు. కంపెనీ ఖజానా నింపడానికి వచ్చిన దొరే ఆయన. కానీ తాను వేసిన శిస్తు ఎక్కువైందని ఒప్పుకొని తగ్గించిన అధికారి కూడా ఆయనే.